ఇటలీ నుంచి వచ్చిన మూలలేని కార్డు

మొన్న ఫోన్లో చిన్న మనవరాలు పరీక్షకు చదువుకుంటూ, ఐరోపాలో సముద్రం తగలని దేశాల పేర్లు గుర్తు రాక తడుముకుంటోంది. నేను ఇవతలి నుంచి "స్విట్జర్లాండు" అన్నాను. ఊరుకోలేక "హంగరీ" అని కూడా అన్నాను. అవతల నుంచి వాళ్లన్న గొంతు వినిపించింది.

"అవ్వా, నువ్వు గక్కడికి ఎప్పుడు పోయినవ్?"

నేను ఐరోపాకు పోలేదు నాయనా. కామారెడ్డి దాకా పోయాను. పోవడానికి రెండు రోజులు, నడుమ ఒక పూట ఆగి, రావడానికి రెండు రోజులు, ఎడ్లబండి మీద. ఇప్పుడైతే మీరు కారులో ఒక కునుకు తీసేలోగా ఆ దారి అయిపోతుంది. కానీ ఆ ఐదు రోజుల్లో నా గుండె ఆగినంత పనైనన్ని సార్లు ఆ తరువాత ఇన్నేళ్లలో కాలేదు. ఫోన్లో చెబుదామంటే నా గొంతు మీకు సగమే వినబడుతుంది. అందుకని నిదానంగా రాస్తున్నాను. మీరూ నిదానంగానే చదవండి.

పశువుల కొట్టంలో కార్డు

అప్పుడు నాకు పదకొండేళ్లు. ఎక్కడో పెద్ద యుద్ధం జరుగుతోందని, దుకాణంలో కిరసనాయిలు దొరకకపోతే మాకు తెలిసేది. మా ఊరు ఎల్లారెడ్డికి రెండు కోసుల అవతల. మా అన్న రాజన్న, బాపుతో (నాన్నను మేము అలాగే పిలిచేవాళ్లం) మాటామాటా వచ్చి సికింద్రాబాదు పోయి ఫౌజులో చేరాడు. మోటారు నడపడం నేర్పుతారని ఆశ. పెళ్లయి అప్పటికి ఏడాదిన్నర. వదినె లచ్చవ్వకు పదిహేడేళ్లు. ఓడ ఎక్కుతున్నామని ఒకసారి కబురు వచ్చింది. ఆ తరువాత ఏడాది పాటు ఏమీ లేదు.

మా ఇంటికి ఉత్తరాలు ఏమన్నా వస్తే కామారెడ్డిలో బాపు బెల్లం అమ్మే ఆడ్తి (కమీషన్ వ్యాపారి) దుకాణానికే వచ్చేవి. అటు పోయిన బండ్లవాళ్లు ఎవరో ఒకరు తెచ్చి ఇచ్చేవాళ్లు. అలాగే ఆ చలికాలం ఒక కార్డు వచ్చింది. తెచ్చిన బండి మనిషి వాకిట్లోనే ఆగిపోయాడు. కార్డును రెండు వేళ్లతో పట్టుకుని చెయ్యి చాపాడు. ఇంట్లోకి రమ్మంటే రాలేదు.

ఆ కార్డుకు ఒక మూల లేదు.

మీకు ఇది తెలియదు కదా. అప్పట్లో మా దిక్కు చావు కబురు తెచ్చే కార్డుకు ఒక మూల చింపి పంపేవాళ్లు. పెళ్లి కార్డుకు పసుపు పూసినట్టు, దీనికి మూల తీసేవాళ్లు. అలాంటి కార్డు కనబడితే చాలు, చదవకముందే ఏడుపు మొదలు. దాన్ని గడప దాటనివ్వరు. వాకిట్లోనే చదివించుకుని చింపేస్తారు. మా కార్డును చింపడానికి లేదు, ఎందుకంటే చదివిన వాళ్లు లేరు. అంతా ఇంగ్లీషు. పట్వారీకి ఉర్దూ వచ్చు, తెలుగు వచ్చు, ఆ అక్షరాలు మాత్రం రావు. కార్డును పశువుల కొట్టం గోడ సందులో దోపారు. అమ్మ వాకిట్లో కూలబడింది. మూడు రోజులు మా పొయ్యి వెలగలేదు.

పదో రోజున వదినె గాజులు తీసెయ్యాలన్నారు. పిండాలు పెట్టించే అయ్యగారు వచ్చి బాపును ఒక మాట అడిగాడు.

"ఏ తిథినాడు పోయిండో తెల్వకుంటే పిండం ఎట్ల వెడ్తరు పటేలా? కార్డు సదివిచ్చుకోని రాండ్రి."

అందుకు ఒకే మనిషి ఉన్నాడు. ఆడ్తి దుకాణంలో గుమాస్తా, అనంతయ్య పంతులు. ఆయనకు ఇంగ్లీషు వచ్చు. బాపు ఆరో రోజు పొద్దున బండి కడుతుంటే వదినె కొట్టంలోకి పోయి, కార్డు తీసి నడుముకు దోపుకుని వచ్చి బండి పక్కన నిలబడింది.

"నువ్వెందుకే?" అంది అమ్మ.

"సదివేటప్పుడు నా చెవుల వడాలె అత్తా. గాజులు నావి."

బాపు కండువాతో చాలాసేపు మొహం తుడుచుకున్నాడు. తరువాత నావైపు చూసి, "నువ్వు గూడ ఎక్కు. వదినెకు తోడుండు" అన్నాడు.

ఖాళీ బండి తోలడం బాపుకు చేతకాదు. ఏడ్పు ఇంట్లోంచి సరుకు కదలొద్దని పక్కింటివాళ్లు అంటున్నా వినకుండా, గడ్డి పరిచి ఎనిమిది బెల్లం ముద్దలు పెట్టాడు. ముద్ద ముద్దకూ మా ఇంటి గుర్తు ఉంది. పాకం ఆరేటప్పుడు కర్ర అచ్చు ఒత్తుతారు, మార్కెట్లో ఎవరి బెల్లం ఏదో తెలియడానికి. మా తాత నాటి గుర్తు నెలవంక, దాని కింద రెండు చుక్కలు. పెళ్లయిన ఏడు పాత అచ్చు అరిగిపోతే అన్న కొత్తది చెక్కాడు. అందులో మూడు చుక్కలున్నాయి. "గిదేందిరా?" అని బాపు అడిగితే, "చెయ్యి జారింది" అన్నాడు. వదినె అప్పుడు పొయ్యిలో కట్టెలు లేకపోయినా ఊదుతూ కూర్చుంది.

ఎల్లారెడ్డి

మా ఊరికి ఎల్లారెడ్డే పట్నం. కచేరీ ముందు ఉర్దూ రాతల పలక, దాని కింద చెట్టు నీడన అర్జీలు రాసేవాళ్లు. అక్కడ గుర్రం మీద పోలీసు అమీన్ సాబు ఎదురొచ్చాడు. బాపు బండి దిగి నిలబడ్డాడు. నేను అమీన్ సాబు మొహం చూడలేదు, కాళ్లు చూశాను. మోకాళ్ల దాకా తోలు బూట్లు. మనిషి కాళ్లకు తోలు సంచులు తొడుక్కుని తిరుగుతాడని నాకు అప్పటిదాకా తెలియదు. ఈ బూటు గుర్తు పెట్టుకోండి, మళ్లీ వస్తుంది.

కచేరీ దగ్గర అర్జీలు రాసే ముసలాయన కార్డు చదువుతానన్నాడు. వదినె తీసి చూపించింది. మూల చూడగానే ఆయన చెయ్యి వెనక్కి పోయింది. "నాకు ఇంగ్రేజీ రాదు తల్లీ" అన్నాడు. రాకపోతే ముందు చదువుతానని ఎందుకన్నాడో నాకు అర్థం కాలేదు.

లింగంపేట వాగు

లింగంపేట చేరేముందు బండి చక్రం ఇనుప పట్టా వదులై గలగలమంది. ఇంకొంచెం పోతే ఊడి పడేది. బాపు తిట్టుకోలేదు. వాగులోకి తోలి, చక్రం మునిగేలా బండి ఆపి, ఎడ్లను విప్పాడు.

"నీళ్లల్ల నాననియ్యి. కట్టె ఉబ్బితే పట్టా దానంతట అదే బిగుసుకుంటది" అన్నాడు.

చక్రం నానేదాకా గట్టున ఒక ఇంటి ముందు కూర్చున్నాం. ఆ ఇంటామె చాటలో ఆకు పెట్టుకుని బీడీలు చుడుతోంది. నేను ఆమె వేళ్లు చూస్తూ ఉండిపోయాను. ఆకు కత్తిరించడం, పొగాకు పోయడం, చుట్టడం, దారం కట్టడం, ఇవన్నీ చూపు మా మీద ఉంచుకునే చేసేస్తోంది. మమ్మల్ని చూసి జాలిపడి గిన్నెలో జొన్న గటక, ఉల్లిగడ్డ తెచ్చింది. మా ఇంట్లో గటకలో మజ్జిగ పోస్తారు. ఆమె చింతపులుసు పోసింది. నోరు జిల్లుమంది.

"ఏడికి వోతున్నరు బిడ్డా?"

వదినె గిన్నె వైపే చూస్తోంది. నేను ఆగలేక చెప్పేశాను. "మా అన్న కార్డు సదివిచ్చనీకి."

ఆమె చూపు వదినె నడుము దగ్గర బయటికి కనబడుతున్న కార్డు మీద పడింది. చేతిలో బీడీ ఆగిపోయింది. గొంతు తగ్గించి, తప్పు చేస్తున్నదానిలా అంది.

"ఏమనుకోకు బిడ్డా. నా కోడలు నీళ్లోసుకున్నది, కడుపుల పిల్ల ఉన్నది. అది ఇంట్లకెళ్లి బయటికొస్తే ఎదురు వడకుండ గా బండి అవుతలికి వొయ్యి కూసోరాదు?"

వదినె గిన్నె కింద పెట్టేసి లేచింది. ఒక్క మెతుకు ముట్టలేదు. బండి అవతల ఎండలో నిలబడింది. గాజులు ఇంకా చేతికే ఉన్నాయి, గలగలమంటున్నాయి కూడా. అయినా ఆమె అప్పటికే ఇంకో మనిషి అయిపోయింది. పదో రోజు తరువాత ఎలా ఉంటుందో ఆరో రోజే కనబడింది నాకు.

కామారెడ్డి

మరునాడు పొద్దు వాలే వేళకు కామారెడ్డి చేరాం. స్టేషన్ పక్క నుంచి పోతుంటే రైలు వచ్చింది. రైలు గురించి విన్నాను కానీ అది అరుస్తుందని ఎవరూ చెప్పలేదు. ఎడ్లు బెదిరి పక్కకు లాగితే ఒక బెల్లం ముద్ద జారి కిందపడి రెండు ముక్కలైంది. రైలు కిటికీల్లో తెల్ల సిపాయిలు. ఒకడి ముక్కు ఎండకు ఉడికిన చిలగడదుంపలా ఎర్రగా తోలు ఊడి ఉంది. వాడు నన్ను చూసి చెయ్యి ఊపాడు. నేను బాపు కండువా వెనక దాక్కున్నాను.

"గింత లేత పోరగాండ్లు" అన్నాడు బాపు. "వీళ్ల తల్లులకు నిద్ర వడ్తదా?"

స్టేషన్ ముందు హోటల్లో అర్ధణాకు చాయ్. మా ఊళ్లో చాయ్ అనేది జ్వరం వస్తే తాగే కషాయం లాంటిదని అనుకునేవాళ్లం. ఇక్కడ ఒంట్లో బాగున్నవాళ్లు డబ్బులిచ్చి మరీ తాగుతున్నారు. నేను ఒక గుక్క తాగి నాలుక కాల్చుకున్నాను. వదినె ముట్టలేదు. ఆ వీధిలోనే తెలిసినవాళ్ల సత్రంలో పడుకుని, ఎనిమిదో రోజు పొద్దున్నే దుకాణానికి పోయాం.

పంతులు చదివిన ముక్క

దుకాణం నిండా బెల్లం వాసన, కందిరీగలు. అనంతయ్య పంతులు సన్నటి మనిషి, చెవి మీద పెన్సిలు. బాపును చూడగానే లేచి నిలబడ్డాడు.

"రాండ్రి పటేలా, కూసోండ్రి. మీ కార్డు అందింది గదా?"

"అందింది. అది సదవాలె. ఏ తిథో జెప్పాలె."

"తిథి ఏంది?" అంటూ కార్డు చేతిలోకి తీసుకున్నాడు. తెగిన మూల చూశాడు. బాపు మొహం చూశాడు. వదినె చేతులు చూశాడు. ఆయన మొహంలో రంగు పోవడం నేను కళ్లారా చూశాను. కళ్లజోడు రెండుసార్లు తుడుచుకున్నాడు. తరువాత ఒక్కొక్క మాటే తెలుగులో చెప్పాడు.

"మీ కొడుకు రాజన్న ఎడారిలో యుద్ధంలో పట్టుబడ్డడు. ఇప్పుడు ఇటలీ దేశంలో ఖైదీగ ఉన్నడు. కుడి చేతికి దెబ్బ తగిలి దవాఖానాల ఉన్నడు. పెన్సిలు పట్టలేడు గనుక అతని బదులు నేను రాస్తున్న... గంతే. కింద ఎవరిదో ఇంగ్రేజు పేరున్నది. తారీఖు చెరిగిపోయింది."

వదినె చెయ్యి నా భుజం మీద ఉంది. గోళ్లు దిగాయి.

"ఉన్నడని రాసిన్రా?" అన్నాడు బాపు.

"ఉన్నడనే రాసిన్రు."

బాపు ఒక్క క్షణం వెలిగి, మళ్లీ ఆరిపోయాడు. "రాసిన నాడు ఉన్నడు. రాసినంక పోయిండు. అందుకే మూల దీసి పంపిన్రు. పరాయోని చేతిరాత, ఏమని నమ్ముత? మూల అబద్ధమాడదు గద."

పంతులు లేచి గూట్లోంచి ఒక పెద్ద పుస్తకం, దాని వెనక ఇంకో లావుపాటి పుస్తకం తీశాడు.

"ముందుగాల ఇటలీ ఏడున్నదో చూద్దాం పటేలా" అన్నాడు.

మా ఊరు లేని నక్ష

మొదటి పుస్తకంలో ఐరోపా నక్ష, అంటే పటం. బాపుకు నక్షలంటే తెలుసు. పట్వారీ దగ్గర మా ఊరి నక్ష ఎన్నోసార్లు చూశాడు. మెట్ట చెలకలు, వాటి హద్దు గెట్లు, అంచున పొరుగూళ్ల శివార్ల పేర్లు. అందుకని ధైర్యంగా ముందుకు వంగాడు.

"గిండ్ల మన ఊరేది?"

"లేదు. ఇది ఐరోపా."

"హైదరాబాదు?"

"లేదు పటేలా."

బాపు వేలు నక్ష కుడి అంచుకు పోయింది. "అయితే గీ శివారు దాటితే మనదేనా?"

"ఈ శివారు దాటినంక ఇట్లాంటి కాయితాలు ఇంకొన్ని పరిస్తే గాని మన దేశం రాదు."

బాపు వేలు అక్కడే ఉండిపోయింది. మా ఊరు లేని నక్ష ఒకటి ఉంటుందని, అందులో మా ఇంటి మనిషి ఉన్నాడని మాకు అప్పుడు తెలిసింది. మా ఊళ్లో ఎవరు తప్పిపోయినా నక్షలోనే ఎక్కడో ఉంటారు. ఇది అలా కాదు.

పంతులు ఇటలీ చూపించాడు. సముద్రంలోకి చాచిన కాలు. అమీన్ సాబు బూటు! మోకాలి దాకా, మడమతో సహా. నేను నోరు మూసుకోలేక "బూటు" అన్నాను. "అవును, బూటే" అన్నాడు పంతులు.

"మరి మన ఇంగ్రేజోళ్ల ఊరేది?"

పైన మూలకు ఒక దీవి. అరచెయ్యి పెడితే కనబడదు. బాపు నమ్మలేదు. మన నిజాం ఇలాకా ఎంతుందో అదీ ఇంచుమించు అంతే ఉంటుందని పంతులు చెప్పేసరికి బాపు కండువా తీసి మోకాలి మీద పెట్టుకున్నాడు.

"గింత చెలుక వెట్టుకోని గింత దునియా ఏలుతున్నరా?"

"ఇంకోటి చెప్తా. ఆ ఇంగ్రేజోళ్లను ఒకప్పుడు ఈ ఇటలీలోని రోము పట్నపోళ్లు ఏలిన్రు. నాలుగు వందల ఏండ్లకు దగ్గర."

"వీళ్లు వాళ్లనా?"

"వీళ్లు వాళ్లనే. మళ్లీ ఇటలీ అనే ఒక్క దేశం అయ్యింది మాత్రం ఎనభై ఏండ్ల కింద. అంతకుముందు తలా ఒక ముక్క, తలా ఒక రాజు."

"మా పెద్దమ్మకు ఎనభై ఐదు" అన్నాడు బాపు మెల్లగా. "దేశం కంటే ఆమెనే పెద్దది."

రెండు కాయితాలు కలిపి

పంతులు ఇక ఆగలేదు. లావుపాటి పుస్తకం తెరిచాడు. నిండా ఉత్తరాల మీది స్టాంపులు, దేశానికొక కాయితం. ఐరోపా అంతా వాటి నుంచే నేర్చుకున్నానని చెప్పాడు. ఆ గొంతులో భయం ఉంది, కానీ స్టాంపులు చూపిస్తున్నప్పుడు ఇష్టం కూడా కలిసిపోయింది. భయపడ్డ మనిషి అలా గబగబా మాట్లాడడం నేను అప్పటిదాకా చూడలేదు.

ఇంగ్లండు స్టాంపు మీద దేశం పేరే ఉండదట, రాజు తల చాలట. నార్వేలో ఎండాకాలం పొద్దు కుంకని ఊళ్లున్నాయట. పోలండ్ అనే దేశాన్ని ముగ్గురు పొరుగువాళ్లు గెట్లు జరుపుకుంటూ పంచుకుంటే, నూరేళ్లకు పైగా నక్షలోనే లేదట. మళ్లీ వచ్చిందట. ఇప్పుడు మళ్లీ పోయిందట.

"భూమి ఆన్నే ఉంటది గద? మనుషులు ఆన్నే ఉంటరు గద?" బాపు గొంతు పెరిగింది. "దేశం ఎట్ల పోతది?"

"గెట్టు పంచాయితే పటేలా. మన దిక్కు కట్టెలు లేస్తయి, ఆడ ఫిరంగులు లేస్తయి."

హాలండ్ వాళ్లు సముద్రానికి కట్టకట్టి, సముద్రం కంటే కింద ఉన్న నేల దున్నుకుంటారని చెప్పినప్పుడు మాత్రం బాపు తన దుఃఖం కూడా మరిచిపోయాడు. చిన్నప్పుడు పోచారం చెరువు కట్ట మీద మట్టి మోసినవాడు ఆయన.

"తూము ఏడ వెడ్తరు? కట్ట తెగితే?"

"గాలిమరలు వెట్టి నీళ్లు తోడి పోస్తరు. తెగిన రోజులు గూడ ఉన్నయి."

బాపు చేత్తో నోరు మూసుకున్నాడు.

వదినె అంతసేపూ తల ఎత్తలేదు. పుస్తకం వైపే చూస్తోంది. కాయితం తిరిగినప్పుడల్లా చూపు తిరుగుతోంది. ఇప్పుడు అడిగింది.

"అయ్యా, ఇటలీది ఏది?"

"ఇటలీదా... దొరకలేదమ్మా."

"రెండు కాయితాలు కలిపి తిప్పిన్రు అయ్యా. గా పోలండు అవుతల."

పంతులు చెయ్యి పుస్తకం మీద నుంచి లేవలేదు. పరాయి మగవాడి ముందు ఎన్నడూ గొంతెత్తని మా వదినె, చెయ్యి చాపి, ఆయన వేళ్ల కింది నుంచి ఆ రెండు కాయితాలను విడదీసింది.

కాయితం నడుమ ఒకే ఒక స్టాంపు. ఎవరో రాజు తల. స్టాంపు వెనక మందపాటి కార్డు ముక్క మూడు కోణాలుగా, జిగురుతో అతికి ఉంది. వదినె పంతులు ముందున్న తన కార్డు తీసి ఆ ముక్క పక్కన ఆనించింది. అంచుకు అంచు కలిసిపోయింది, తలుపు రెక్కలు మూసుకున్నట్టు.

బయట తూకాల వాళ్లు అరుస్తున్నారు.

"నేనే కోసిన" అన్నాడు పంతులు. "పరాయోళ్ల ఉత్తరం ఏనాడూ సదవలేదు పటేలా, ఆ పాపం ఎరుగ. స్టాంపు మాత్రం చూసి ఆగలేకపోయిన. ఇటలీది నా దగ్గర లేకుండె. కత్తెరతోటి కోసిన గద, చింపలేదు గద అనుకున్న. చావు కార్డుకైతే చేత్తో చింపుతరు గద అని..."

బాపు లేచాడు. చేతిలో ముల్లుకర్ర ఉంది. దాన్ని ఎత్తలేదు, గోడకు ఆనించి పెట్టాడు. చేతులు ఖాళీ చేసుకోవడానికే అనుకుంటాను.

"కత్తెర వెట్టినవో చెయ్యి వెట్టినవో మాకేం తెలుస్తది పంతులూ? మా ఇంట్ల మూడు దినాలు పొయ్యి ఎలగలే. ఎల్లుండి ఈ పిల్ల గాజులు తీస్తుండె."

పంతులు కూర్చున్నచోటే చేతులు జోడించాడు. మాకు అన్నంపెట్టే దుకాణం గుమాస్తా, మా ఎదుట అలా. నాకు ఆయన్ని చూడాలంటేనే సిగ్గేసింది.

నానబెట్టిన మూల

"ఆ మూల నాకియ్యండి" అంది వదినె.

పంతులు గోటితో లేపబోయాడు. ముక్క పొరలుగా లేస్తోంది. బాపు ఆయన చెయ్యి పట్టుకున్నాడు.

"పీకకు. నానబెట్టు. బండి చక్రం పట్టా నీళ్లల్ల బిగుస్తది. జిగురైతే నీళ్లల్ల ఇడుస్తది."

ఆ కాయితాన్నే ముక్క చుట్టూ కత్తిరించి కంచు గిన్నెలో నీళ్లు పోసి వేశారు. కాసేపటికి ముక్క అడుగు కాయితం నుంచి కదిలింది. ఇంకాసేపటికి రాజు తల కూడా ముక్కను వదిలి పైకి తేలింది. పంతులు ముక్కను తీసి, వెనక్కి తిప్పి, అరచేతి మీద పరిచాడు.

వెనక వైపు పెన్సిలుతో ఒక గీత ఉంది. నీళ్లకు చెరగలేదు. వంకర టింకరగా, ఎడమచేత్తో గీసినట్టు. నెలవంక. దాని కింద చుక్కలు.

"మన గుర్తు" అన్నాడు బాపు. "బెల్లం గుర్తు."

వదినె వంగి వేలు పెట్టకుండా లెక్కపెట్టింది. "ఒకటి. రెండు. మూడు."

బాపు ఆమె వైపు తిరిగాడు. మూడో చుక్క ఎవరిదో ఆయనకు అప్పటికి తట్టినట్టుంది. "చెయ్యి జారిందన్నడు గద ఆనాడు" అన్నాడు.

వదినె కొంగు నోట్లో కుక్కుకుంది. ఏడుస్తోందో నవ్వుతోందో నాకు తెలియలేదు. చాలాసేపటికి కొంగు తీసి పంతులును అడిగింది.

"ఆడ ఏం తింటరయ్యా?"

"గోధుమ పిండితోటి దారాలోలె చేసుకుంటరమ్మా, మన సేవియాల తీరు." ఆమె మొహం చూసి తొందరగా కలిపాడు. "బియ్యం గూడ ఉన్నయి. పైన పెద్ద నది ఉన్నది, దాని కింద వరి పండుతది. ఆడోళ్లే మోకాలు లోతు బురదల వంగి నాట్లేస్తరు."

"నాట్లేస్తరా?" వదినె కళ్లు పెద్దవయ్యాయి. బూటు లాంటి ఆ దేశంలో తనలాగే నడుం వంచిన ఆడవాళ్లు ఒక్కసారిగా కనబడ్డట్టున్నారు. తరువాత ఎనిమిది రోజులుగా మేము వినని మాట అంది.

"ఆకలైతుంది మామా."

స్టేషన్ ముందు హోటల్లో ఆ పూట ఆమె నాలుగు పూరీలు తింది. పంతులు తడి స్టాంపును కూడా మాకు ఇవ్వబోతే బాపు తీసుకోలేదు.

"రాజును నువ్వే ఉంచుకో. మాకు రాజుతోటి పనిలేదు. గని ఇంకోపారి గోసుడే ఉంటే నడుమ గోసుకో. మూల ముట్టకు."

పక్కనున్న దర్జీ దగ్గర సూది అడిగి, తన చీర అంచు నుంచి దారం లాగి, వదినె ఆ మూలను కార్డుకు కుట్టింది. చిన్న చిన్న కుట్లు. ఒక్కొక్క కుట్టూ వేసి, వెనక్కి తిప్పి, చుక్కలకు తగల్లేదని చూసుకుని, తరువాతి కుట్టు వేసింది.

తిరుగుదారి

లింగంపేటలో బీడీల ఇంటి ముందు వదినె తానే బండి ఆపమంది. దిగలేదు. ఆ ఇంటామె బయటికి వచ్చి ఏమంటుందో అన్నట్టు నిలబడింది. వదినె నడుము నుంచి కార్డు తీసి నాలుగు మూలలూ కనబడేలా పట్టుకుంది.

"ఉన్నడు పెద్దమ్మా. మీ కోడలు మంచిగున్నదా?"

ఆమె చాట అక్కడే వదిలి పరుగెత్తుకొచ్చింది. మొన్న దూరం కూర్చోమన్న నోటితోనే వదినె చేతులు రెండూ పట్టుకుని, గాజుల మీద చెంప ఆనించి ఏడ్చింది. వదినె చేతులు లాక్కోలేదు. నేనైతే లాక్కునేదాన్ని.

పదో రోజు పొద్దెక్కేసరికి ఊరు చేరాం. మా వాకిట్లో ఆడవాళ్లు చేరారు. బావి దగ్గర నీళ్లు తోడి పెట్టి ఉన్నాయి. వదినెను చూడగానే నలుగురు ఏడుపు ఎత్తుకున్నారు. బాపు బండి మీద నుంచి ఏదో అరుస్తున్నాడు, ఆ ఏడుపులో ఎవరికీ వినబడలేదు. వదినె బండి దిగి నేరుగా అమ్మ దగ్గరకు నడిచింది. కార్డు ఆమె చేతిలో పెట్టింది.

అమ్మకు చదువు రాదు. కార్డును చూడలేదు కూడా, వేళ్లతో తడిమింది. ఒక మూల. రెండో మూల. మూడో మూల. నాలుగో మూల దగ్గర కుట్లు తగిలి వేలు ఆగింది. అప్పుడు కార్డు తిప్పి చూసింది. చూపు నెలవంక మీదే ఉండిపోయింది చాలాసేపు. ఏడుస్తున్నవాళ్లు ఒక్కొక్కరే ఆగిపోయారు.

అమ్మ లేచి, కార్డును రెండు చేతులా పట్టుకుని, గడప దాటి ఇంట్లోకి తీసుకుపోయింది.